ముఖానికి అచ్చు

నోటి మీదికి ముద్ద వచ్చేదాకా ఆర్లీన్ హెస్లర్‌కు భయం వెయ్యలేదు. నెత్తికి రబ్బరు టోపీ అతికించి జుట్టంతా దాచేసినప్పుడు నవ్వింది. చెవుల్లో దూది కూరినప్పుడు, కనుబొమలకు వాజిలైన్ పట్టించినప్పుడు ఊరికే కూర్చుంది. తర్వాత మేకప్‌కి అచ్చులు తీసే లెన్ ఓకిమోటో బకెట్లో గులాబిరంగు ముద్ద కలిపాడు. పళ్ల డాక్టర్లు అచ్చు తీసే ముద్దే అది, పుదీనా వాసన వేస్తుంది. దాన్ని రెండు దోసిళ్లతో తెచ్చి నుదుటి మీంచి కిందికి జార్చాడు. ఆర్లీన్ కళ్లు మూసుకుంది. అది చల్లగా, బరువుగా, రెప్పల మీద కాసేపు ఆగి, బుగ్గల మీదికి దిగి, పెదాల దగ్గరికొచ్చి వాటిని మూసేసింది. ఇక ముక్కు రంధ్రాలు రెండే మిగిలాయి. వాటి చుట్టూ లెన్ వేలు తిరుగుతోంది, ముద్ద జారి లోపలికి పోకుండా తుడుస్తూ. ఆ వేలు ఒక్కసారి ఏమరితే, అనుకుంది. అనుకున్నాక ఆ మాట లోపలే ఉండిపోయింది, బయటికి పోయే దారి లేక.

"బొటనవేలు ఎత్తితే బాగున్నట్టు, చెయ్యి మొత్తం ఎత్తితే లాగి పారేస్తాం," అని ముందే చెప్పాడు లెన్. "మొహంలో ఏమీ పెట్టకు. నవ్వొద్దు, ముడుచుకోవద్దు. ఊరికే నీ మొహం నీలా ఉండనీ."

ఊరికే నీ మొహం. ముద్ద కింద ఆర్లీన్ దాన్ని వెతుక్కుంది. పెదాలు కాస్త బిగిసి ఉన్నాయనిపించి వదులు చేసింది. వదులు చెయ్యగానే అవి సన్యాసిని పెదాలయ్యాయి, ఎప్పుడో ఒక టీవీ సినిమాలో వేసింది, కొండ మీద మఠంలో. గడ్డం లోపలికి లాగితే జడ్జి. జడ్జి వేషం ఎన్నిసార్లు వేసిందో, సుత్తితో కొట్టి కూర్చోండి అనడం, అంతే. కింది పెదవి జారనిస్తే హంతకుడి తల్లి, మా వాడు అలాంటివాడు కాదండీ అంటూ తలుపు సందులోంచి చూసే మనిషి. కనుబొమలు ఎత్తితే పక్కింటావిడ. పళ్లు లోపల కరుచుకుంటే బ్యాంకు దోచిన ఆడది. ఒక్కొక్కటీ తీసి పక్కన పెడుతుంటే కింద ఇంకోటి ఉంటోంది, దున్నిన చోటల్లా రాయి తేలినట్టు. అన్నీ తీసేశాక ఏం మిగులుతుందో చూద్దామనుకుని, చూడడానికి భయపడి, జడ్జి దగ్గరే ఆగిపోయింది.

తడి పట్టీలు మొదలయ్యాయి. ప్లాస్టరు పూసిన గుడ్డ పట్టీలను ట్రిష్ నీళ్లలో ముంచి అందిస్తోంది, లెన్ ముద్ద మీద పరుస్తున్నాడు. ట్రిష్ డెల్గాడో అతనితో చాలా ఏళ్లుగా పని చేస్తున్న మనిషి. చేతులు గరుకుగా ఉంటాయి గాని ముట్టుకుంటే నెమ్మది. బయట ఎడారి గాలి లేచింది. షెడ్డు మీది రేకులు దడదడమంటున్నాయి. దూదిలోంచి ఆ చప్పుడు ఎక్కడో దూరంగా గుర్రాలు పోతున్నట్టుంది. ఈ గాలి వీచినన్నాళ్లూ ఊరిచుట్టూ కొండలు అంటుకుంటాయి, తను వేసే టీవీ సీరియల్లో కూడా మంటలే. వచ్చే వారం ఫైర్ స్టేషన్ రేడియో గదికే నిప్పంటుకుంటుందని బార్నీ వైస్ ఆఫీసు నుంచి చెప్పారు. డాట్ ముఖం సగం కాలుతుంది, ఆ మేకప్‌కి అచ్చు కావాలి, పొద్దున్నే లెన్ షెడ్డుకి వెళ్లు అన్నారు. ఆర్లీన్ సంతోషపడింది. డాట్ అంటే తనే, నాలుగేళ్లుగా. అద్దం గదిలో చెవులకు హెడ్‌ఫోన్ పెట్టుకుని మంటలున్న చోటికి బండ్లను పంపే ఆడమనిషి, కళ్లజోడు గొలుసుకు వేలాడేసుకుని. కుర్చీలోంచి లేచే సీన్లే తక్కువ. ఇన్నాళ్లకు చెయ్యడానికి ఏదో ఇచ్చారనుకుంది. బార్నీ స్వయంగా చెప్పలేదు కాబట్టి ధైర్యంగానే ఉంది. బార్నీ స్వయంగా ఫోన్ చేస్తేనే భయపడాలి.

ఆ సీరియల్లో అది మర్యాద. బార్నీ రాసేవాడు, రాయించేవాడు, ఎవరుండాలో ఎవరు పోవాలో తేల్చేవాడు. కథలో ఎవరినైనా చంపదలిస్తే, స్క్రిప్టు అందరి చేతికీ వెళ్లకముందే తను ఫోన్ చేసి ఆ నటుడికి చెప్తాడు. ఇంకొకళ్ల నోట వినకూడదంటాడు. అందుకని సెట్లో బార్నీ ఫోన్ చేశాడు అని ఎవరూ అనరు, కాఫీ తాగావా అని అడగడానికి చేసినా సరే. కెప్టెన్ వేషం వేసిన ముసలాయన ఒక సెలవుల్లో ఫోను తీగే పీకేశాడు. ఫోన్ ఎత్తకపోతే చావను కదా అన్నాడు. బార్నీ కారేసుకుని ఇంటికొచ్చి, గుమ్మంలో నిలబడి చెప్పి, కెప్టెన్ని నిచ్చెన మీంచి పడేశాడు. ఆ ముసలాయన ఇప్పుడెక్కడున్నాడో. ఆర్లీన్ ఇంట్లో ఫోన్ మోగితే ముందు కిటికీ దగ్గరికి వెళ్తుంది, ఎందుకో తనకే తెలియదు, అక్కడ నిలబడి నాలుగు మోతలు పోనిచ్చి అప్పుడు ఎత్తుతుంది.

డాట్ ఉండాలి. ఇంతకుముందెప్పుడూ ఏ వేషం గురించీ ఇలా అనుకోలేదు. ఒకటి పోతే ఇంకోటి వచ్చేది, వచ్చినదాన్ని వేసుకుని విప్పేసేది, కోటు మార్చినట్టు. ఆర్లీన్ ఏదైనా వేస్తుంది అనేవాళ్లు, అది మెచ్చుకోలు. నెత్తి మీద ఆకుపచ్చ రబ్బరు అతికించి వేరే గ్రహం రాణిని చేశారు. నేల తుడిచే సబ్బు ప్రకటనలో ఇల్లాలిని చేశారు. దేనిలో చూసినా ఎవరూ గుర్తుపట్టలేదు, చూసినట్టు మాత్రం అనిపించేది వాళ్లకు. కూరగాయల దుకాణంలో ఒక పెద్దామె తోపుడుబండి వదిలేసి వచ్చి చెయ్యి పట్టుకుంది. "మా అమ్మ పోయేటప్పుడు ఆసుపత్రిలో ఉన్న నర్సువి నువ్వే కదమ్మా. చివరిదాకా చెయ్యి వదల్లేదు నువ్వు." ఆర్లీన్ కాదని చెప్పబోయింది. ఆమె కళ్లు చూసి, "నెమ్మదిగా వెళ్లిపోయారండీ, బాధపడలేదు," అంది. కారులోకొచ్చి కూర్చుని తాళం తిప్పడానికి చాలాసేపు పట్టింది. ఆ నర్సు ఎవరో, ఎక్కడుందో, ఆమె ముఖం తనలా ఉంటుందా, లేక తన ముఖం అందరిలా ఉంటుందా. డాట్ వచ్చాక అది పోయింది. చౌరస్తాలో లారీ డ్రైవరు కిటికీ దించి అరుస్తాడు. "ఏం డాట్, ఇవాళ ఎక్కడ మంట?" "నీ ఇంజన్లోనే, పొగ చూసుకో," అంటుంది తను. లారీ అంతా నవ్వుతుంది. అది తన పేరు కాదు, అయినా పిలిస్తే తల తిరుగుతుంది.

ప్లాస్టరు వేడెక్కుతోంది. గట్టిపడేటప్పుడు వేడెక్కుతుంది, కంగారుపడకు అని లెన్ చెప్పాడు. పట్టీలు పొర మీద పొర పడి మెడ దాకా వచ్చాయి. ఇప్పుడు తల తిప్పలేదు. ముక్కులోంచి గాలి సన్నగా ఈల వేస్తూ వెళ్తోంది, వస్తోంది. దాన్నే వింటూ కూర్చుంది. అప్పుడు దూదికి అవతల, ముద్దకు అవతల, ట్రిష్ గొంతు వినబడింది.

"వెనకవైపు కూడా తియ్యాలా?"

"అక్కర్లేదు," అన్నాడు లెన్. "తలగడ మీద ఉంటుందిగా. చెవుల వెనక దాకా చాలు."

తలగడ. ఆసుపత్రిలో కాలిన మనిషికి తలగడ ఉంటుంది, ఎందుకుండదు. సీన్లో డాట్ ఆసుపత్రిలో ఉంటుంది, కట్లు విప్పుతారు, అందరూ చుట్టూ నిలబడతారు.

"కళ్లు?"

"మూసే ఉంటాయి మహాతల్లీ. తెరిచి ఉంటే పాస్టరు పారిపోతాడు."

పాస్టరు ఆసుపత్రికి కూడా వస్తాడు. తమ ఊళ్లో జ్వరమొచ్చినా వచ్చేవాడు, వస్తే భోజనం చేసిగాని కదిలేవాడు కాదు. క్యాబేజీ, మాంసం కూరిన బన్నులు అమ్మ కాలుస్తుంటే వాసన పీల్చుకుంటూ రోగి మీద ప్రార్థన పొడిగించేవాడు.

"పెట్టె లోపల తెల్ల శాటిన్ కుడుతున్నారట. తెలుపు మీద నీ రంగు పాలిపోతుంది లెన్. కొంచెం ఎరుపు కలుపు."

"మెల్లిగా."

"చెవుల్లో దూది పెట్టాంగా. వినపడదు."

విన్నది ఆర్లీన్ ఒళ్లంతా పాకింది, పాదాల దాకా. ముఖానికి మాత్రం పాకడానికి వీల్లేదు. గుండె ఎక్కడో కాదు, గొంతులో కొట్టుకుంటోంది, ప్లాస్టరు అంచుకు తగులుతూ. గాలి చాలడం లేదు. చాలుతోంది, ఇందాకటి రంధ్రాలే, ఇందాకటి గాలే, అయినా చాలడం లేదు. చెయ్యెత్తితే తీసేస్తారు. తీసేస్తే అడుగుతారు, ఏమైంది అని. విన్నాను అని చెప్పాలి. చెప్తే నిజమవుతుంది. ఎత్తకపోతే ఇంకా కాలేదు, బార్నీ ఫోన్ చెయ్యలేదు, ఫోన్ రాకుండా ఎవరూ చావలేదు ఇంతవరకూ. వీళ్లు వేరేవాళ్ల గురించి మాట్లాడుకుంటున్నారేమో. వేరేవాళ్ల పెట్టె. అయితే వేరేవాళ్లకు పెట్టాల్సిన ముద్ద తన మొహం మీద ఎందుకుంది.

పుట్టిన ఊళ్లో, నెబ్రాస్కాలో, చక్కెర దుంపల పొలాల మధ్య ఇంట్లో, ముందు గదిలో చనిపోయిన నాయనమ్మను పెట్టెలో పడుకోబెట్టారు. తమవాళ్లలో అలవాటు అది, తాతలు వదిలొచ్చిన పాత దేశం నుంచి తెచ్చుకున్నది. మూత తీసిన పెట్టె చుట్టూ ఇంటిల్లిపాదీ నిలబడి ఫోటో తీయించుకుంటారు. పెద్దవాళ్లు వెనక, పిల్లలు ముందు, పెట్టె అంచుకు చేతులానించి. ఫోటో తీసేవాడు ఊరి నుంచి వచ్చాడు. కదలొద్దు, ఊపిరి బిగబట్టండి అన్నాడు. ఆర్లీన్ నాయనమ్మ ముక్కునే చూస్తోంది. ఆమె కూడా బిగబట్టిందనుకుంది, ఫోటో అయ్యాక వదులుతుందని చూస్తోంది. ఎంతకీ వదలకపోయేసరికి భయమేసి తల తిప్పేసింది. ఫోటోలో అందరికీ మొహాలు వచ్చాయి. నాయనమ్మకు కూడా వచ్చింది, చక్కగా. ఆర్లీన్ ఉన్నచోట మాత్రం తెల్లటి మరక. అన్న రూడీ ఆ మరక మీద వేలు పెట్టి, "ఇదిగో దయ్యం, ఇంట్లో అన్నం తింటోంది," అనేవాడు.

వేషాల కోసం ఈ ఊరికొచ్చాక మొట్టమొదట దొరికిన వేషం కూడా శవమే. ఏటి ఒడ్డున దొరికిన పిల్ల. నీళ్లు చలికాలపు నీళ్లు. కదలకుండా పడుకున్నావు, బాగుంది, బాగానే ఉన్నావా అని దర్శకుడు ఒడ్డు మీంచి అడిగితే బొటనవేలు ఎత్తింది. ఎత్తిన వేలు నీలంగా ఉంది. ఆ తర్వాత చాలాసార్లు చచ్చింది. తుపాకీతో, విషంతో, మెట్ల మీంచి. రూడీ పొలం నుంచి ఫోన్ చేసేవాడు. "నిన్న మళ్లీ చంపేశారు నిన్ను. అమ్మ మధ్యలోనే లేచి వంటింట్లోకి వెళ్లిపోయింది. ఒక్కసారైనా బతికి బట్టకట్టే వేషం వెయ్యవే." అమ్మ ప్రతిసారీ అంతే, కూతురు చచ్చిపోయే ముందు ఎలాగో కనిపెట్టేసి లేచి, తొట్టి దగ్గర కుళాయి తిప్పి, చప్పుడు అయిపోయేదాకా చేతులు కడుక్కుంటూ నిలబడేదట. డాట్ గురించి చెప్తే, "చచ్చేదేనా అదీ?" అని అడిగింది. కాదమ్మా, ఇది కుర్చీలో కూర్చునే వేషం అంది తను. అమ్మ మొదటి సంవత్సరం మొత్తం చూసింది, ఒక్కరోజూ కుర్చీలోంచి లేవకుండా. ఆ తర్వాత అమ్మే పోయింది.

షెడ్డులో ఫోన్ మోగింది.

ఆర్లీన్ మోతలు వింది. ఇక్కడ కిటికీ లేదు. ట్రిష్ చెప్పుల చప్పుడు దూరమైంది, గొంతు తగ్గింది, మళ్లీ దగ్గరైంది.

"బార్నీ. ఆర్లీన్ కావాలట."

"ప్లాస్టర్లో ఉందని చెప్పు. కాసేపాగి చెయ్యమను."

"చెప్పాను. ఆగడట. మధ్యాహ్నం స్క్రిప్టు ఇళ్లకు పంపేస్తున్నారట, ఈలోపే చెప్పాలట. వినడానికి చెవులుంటే చాలు, రిసీవర్ అక్కడ పెట్టు అంటున్నాడు."

"దేవుడా," అన్నాడు లెన్, నెమ్మదిగా. అతని వేలు ముక్కు దగ్గర ఒక్క క్షణం ఆగింది.

వద్దు అనాలి. వద్దు అనడానికి నోరు కావాలి. ప్లాస్టరు మీద, చెవి ఉన్నచోట, ఏదో గట్టిగా ఆనింది. బార్నీ గొంతు ఎముకలోంచి వచ్చినట్టు వచ్చింది.

"ఆర్లీన్, బంగారం, బార్నీని. నువ్వు మాట్లాడలేవట. ఒకందుకు అదే నయమేమోలే." నవ్వి దగ్గాడు. "పొద్దుట్నించీ నీ ఇంటికి చేస్తున్నా. ఇంకొకళ్ల నోటివెంట నువ్వు వినకూడదు, నీకు తెలుసుగా నా సంగతి. డాట్‌ని పంపించేస్తున్నాం. మంటల్లో కాదు. ఆ మంటల మాట, ముందే నిన్ను హడలగొట్టొద్దని ఆఫీసువాళ్లతో అనిపించా. నిద్రలో పోతుంది, నొప్పీ గిప్పీ ఏం ఉండదు. నీ పని ఈ శుక్రవారంతో సరి. మంగళవారం అంత్యక్రియల సీన్లు. వాటికి నువ్వు రానక్కర్లేదు, బొమ్మను పెడతాం, అందుకే ఈ అచ్చు. చాలా బాగా చేశావు బంగారం. నీతో ఒక్కరోజూ గొడవ లేదు. వింటున్నావా? బాగానే ఉన్నావా? ట్రిష్, బాగానే ఉందా?"

"ఆర్లీన్, బాగుంటే వేలెత్తండి," అంది ట్రిష్.

వేలు ఎత్తాలి. ఎత్తితే అయిపోతుంది. ఏటి నీళ్లలో ఎత్తింది. ఆకుపచ్చ రబ్బరుతోపాటు నుదుటి చర్మం ఊడొచ్చినప్పుడు ఎత్తింది. అమ్మ పోయిందని రూడీ చెప్పిన పొద్దున, సీరియల్ సెలవుల్లో మళ్లీ పిలిచిన సబ్బు ప్రకటన వాళ్లు ఇంటికి వెళ్తావా, చేస్తావా అని అడిగితే చేస్తానంది, నేల మెరుస్తుంటే ఆశ్చర్యపోయింది, మళ్లీ ఒకసారి అంటే మళ్లీ ఆశ్చర్యపోయింది. ఆ వేలు ఎత్తినందుకే మళ్లీ మళ్లీ పిలిచారు. ఎత్తకపోతే ఇక పిలవరు. ఆ భయం ఈ ఊరొచ్చిన రోజు నుంచీ ఉంది, ఆకలి కన్నా ముందు నుంచీ ఉంది. ఇప్పుడు ఎత్తితే తన ముఖం ఇక్కడ ఉండిపోతుంది. దాన్ని తెల్ల శాటిన్ మీద పడుకోబెడతారు. నాలుగేళ్లు తనతో కాఫీ తాగినవాళ్లు దాని చుట్టూ నిలబడతారు. ఆ టైముకి తను ఇంట్లో కిటికీ దగ్గర ఉంటుంది, ఎవరూ డాట్ అని పిలవని మొహంతో. చెయ్యి మోకాలి మీద ఉంది. వేరే ఎవరో అక్కడ పెట్టి మర్చిపోయిన చెయ్యిలా ఉంది. ఎత్తలేదు.

"ఆర్లీన్?"

రేకులు దడదడమన్నాయి.

"ఊపిరి ఆడుతోందా లెన్?"

"ఆడుతోంది, వేలికి తగుల్తోంది. ఆర్లీన్, వేలు. పోనీ చెయ్యెత్తు. ఏదో ఒకటి ఎత్తవమ్మా."

ఏదీ ఎత్తలేదు. ఇంత భయం ఎన్నడూ పడలేదు. ఏటి నీళ్లలోనూ పడలేదు, నాయనమ్మ పెట్టె దగ్గరా పడలేదు. వాళ్లు కూడా భయపడుతున్నారని తెలుస్తోంది, మణికట్టు మీద నాడి వెతుకుతున్న ట్రిష్ వేళ్లు జారిపోతుండడం వల్ల.

"తీసెయ్ లెన్."

"ఇంకా ఆరలేదు. ఇప్పుడు లాగితే పగిలిపోతుంది."

"పగలనీ. మనిషికేమైందో చూడు ముందు."

మెడ దగ్గర వేళ్లు దూరాయి. చర్మం సాగింది, ఏదో పుటుక్కుమంది, ఒక్కసారిగా గాలి, వెలుతురు, చలి. లెన్ చేతుల్లో అచ్చు బుగ్గ మీదుగా రెండు ముక్కలైంది. అతను దాన్ని చూడలేదు, ఆర్లీన్‌ను చూశాడు. ట్రిష్ కూడా చూసి అరడుగు వెనక్కి వేసింది. ఎదురుగా అద్దం లేదు. తన ముఖంలో ఏముందో ఆర్లీన్‌కు తెలియలేదు. దాన్ని సర్దడానికి ఏదో ఒకటి వెతికింది, ఏదీ దొరకలేదు, వదిలేసింది.

"ఊపిరాడలేదా?" అన్నాడు లెన్.

"ఆడింది."

"మరి వేలెందుకు ఎత్తలేదు?"

"బాగున్నానా అని అడిగాడు."

రిసీవరు తీగకు వేలాడుతూ హలో, హలో అంటోంది. ఆర్లీన్ వంగి అందుకుంది. చెవిలోంచి దూది తీసి పడేసింది. పెదాలకు అంటిన ముద్ద పొలుసులుగా రాలుతోంది.

"బార్నీ."

"అమ్మయ్య. హడలి చచ్చాను బంగారం. ఏమైందక్కడ?"

"ఇందాకటిది మళ్లీ చెప్పు."

"విన్నావుగా."

"అప్పుడు నాకు నోరు లేదు. ఇప్పుడుంది. చెప్పు."

అవతల కుర్చీ కిర్రుమంది. ఈసారి బార్నీకి నవ్వు రాలేదు, బంగారం అని కూడా రాలేదు. "డాట్ చచ్చిపోతోంది, ఆర్లీన్," అన్నాడు.

"ఊఁ." పళ్లు టకటకమంటున్నాయి. దవడ బిగించి ఆపింది. "పెట్టెలో బొమ్మ వద్దు. నేను పడుకుంటాను."

"నీ ఒప్పందం శుక్రవారంతో..."

"తెలుసు."

"రోజంతా పడుకోవాలి. లైట్ల కింద. మూత వేసే షాటు కూడా ఉంది, లోపల చీకటిగా ఉంటుంది. భయం లేదా?"

"ఉంది."

అవతల బార్నీ కాగితాలు తిరగేశాడు. "నువ్వే పడుకుంటే వాళ్లు నిజంగా ఏడుస్తారు. ముక్కులు కారతాయి, మాటలు తప్పుతాయి. నాకు సీను పాడవుతుంది."

"ఏడవనీ," అంది ఆర్లీన్.

లెన్ పగిలిన ముక్కల్ని బల్ల మీద పెట్టాడు, చప్పుడు కాకుండా. ట్రిష్ తడి తువ్వాలు పట్టుకుని నిలబడే ఉంది, ఇవ్వాలో వద్దో తెలియక. ఫోన్లో ఊపిరి వినపడుతోంది. ఆర్లీన్ నచ్చజెప్పలేదు.

"మంగళవారం," అన్నాడు చివరికి బార్నీ. "పొద్దున్నే. ఏమీ తినకుండా రా. తింటే పొట్ట కదుల్తుంది."

అతను పెట్టేశాక కూడా ఆర్లీన్ రిసీవరు చెవి దగ్గరే పట్టుకుని ఉంది. దింపితే చెయ్యి ఎంత వణుకుతోందో వాళ్లిద్దరికీ కనిపిస్తుంది.